కడుపునొప్పి మాటున కుంగుబాటు

బడి వేళకు కడుపునొప్పి అంటాడు. ఊళ్లోని ఆర్‌ఎంపీ ఇచ్చిన మాత్రలతో తగ్గదు, స్కానింగ్‌లో ఏమీ తేలదు. నిన్నటిదాకా కలుపుగోలుగా ఉన్న పిల్లవాడు చిన్న మాటకే కంచం తోసేసి లేచిపోతాడు. వయసు పొగరని తండ్రి, దిష్టి తగిలిందని నాయనమ్మ తీర్మానిస్తారు. తాయెత్తు కట్టించాక నెల గడుస్తుంది. పిల్లల్లో మానసిక కుంగుబాటు చాలా ఇళ్లలో ఇలా ఎవరికీ అంతుపట్టకుండానే ముదురుతోంది.

ఏడుపు కంటే కోపమే ఎక్కువ

పెద్దల్లో ఈ వ్యాధి దిగులుగా బయటపడితే, పిల్లల్లో తరచూ చిరాకు, మొండితనం రూపంలో కనిపిస్తుంది. ఇష్టమైన ఆటపై ఆసక్తి పోవడం, నిద్ర, ఆకలి తారుమారు కావడం, స్నేహితులకు దూరం జరగడం, చదివింది తలకెక్కకపోవడం, తాను ఎందుకూ పనికిరానని అనడం ఇతర లక్షణాలు. వీటిలో కొన్ని కలిసి రెండు వారాలకు మించి దాదాపు ప్రతిరోజూ కొనసాగితే వైద్యునికి చూపించవలసిందే. రక్తహీనత, థైరాయిడ్ లోపం కూడా ఇటువంటి నీరసాన్నే కలిగిస్తాయి కాబట్టి ఆ పరీక్షలూ అవసరమవుతాయి.

2015-16లో బెంగళూరు నిమ్హాన్స్ ఆధ్వర్యంలో జరిగిన జాతీయ మానసిక ఆరోగ్య సర్వేలో 13-17 ఏళ్ల వారిలో 7.3 శాతం మందికి ఏదో ఒక మానసిక సమస్య ఉన్నట్లు తేలింది. అందరిదీ కుంగుబాటు కాదు. గ్రామాల్లోనూ ఇది 6.9 శాతంగా నమోదైంది కనుక పట్నం జబ్బని తోసిపుచ్చడానికి వీల్లేదు.

ఫలితాల వేళ

2019 ఏప్రిల్ 18న తెలంగాణ ఇంటర్ ఫలితాలు వెలువడ్డాయి. వాటిలో తప్పులు దొర్లినట్లు తరువాత బయటపడింది. ఆ రోజుల్లో ఇరవై మందికి పైగా విద్యార్థులు ప్రాణాలు తీసుకున్నారు. తప్పిన వారందరి జవాబు పత్రాలను ప్రభుత్వం ఉచితంగా పునఃపరిశీలన చేయించవలసి వచ్చింది. ‘మార్కులు తక్కువ వచ్చాయని’ అంటూ ఇటువంటి మరణాలను ఒక్క ముక్కలో రాసేయడం మా విలేకరులకు అలవాటైపోయింది. ఆ ఒక్క ముక్క వెనుక నెలల తరబడి ఎవరూ పట్టించుకోని కుంగుబాటు ఉండి ఉండవచ్చు.

‘చచ్చిపోవాలనిపిస్తోందా’ అని పిల్లలను అడిగితే లేని ఆలోచన కల్పించినట్లవుతుందన్న భయం సరికాదు. నెమ్మదిగా, తిట్టకుండా అడిగితే వారి భారం తగ్గుతుంది. అవునంటే ఒంటరిగా వదలరాదు, అదే రోజు ఆసుపత్రికి తీసుకెళ్లాలి. రైతుల ఇళ్లలో పురుగుమందు డబ్బాలను ఎప్పుడూ తాళం వేసి ఉంచాలి.

చికిత్స ఎలా?

మానసిక వైద్యుడనగానే ‘ఎర్రగడ్డకా?’ అని జడిసేవారు నేటికీ ఉన్నారు. ప్రభుత్వ బోధనాసుపత్రుల్లో మానసిక వైద్య విభాగం ఉంటుంది. ఓపీ చీటీ తీసుకుని చూపించుకుని వచ్చేయవచ్చు. వ్యాధి తక్కువ స్థాయిలో ఉంటే కౌన్సెలింగ్, ఇంటివారి సహకారంతో చాలామంది కోలుకుంటారు. తీవ్రమైతే మందులు అవసరం. పిల్లలకు ఎక్కువగా వాడేది ఫ్లూక్సెటిన్. గుణం కనిపించడానికి కొన్ని వారాలు పడుతుంది. తొలి వారాల్లో కొందరిలో ఆత్మహత్య ఆలోచనలు పెరగవచ్చని 2004లో అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ హెచ్చరించింది. అందుకే ఆ రోజుల్లో పిల్లలను మరింత కనిపెట్టుకుని ఉండాలి. నెమ్మదించింది కదా అని సొంతంగా మానేస్తే వ్యాధి తిరగబెట్టే ప్రమాదముంది. తగ్గాక కూడా సాధారణంగా ఆరు నెలలైనా వాడవలసి ఉంటుంది.

కళాశాలల బాధ్యత

2023లో విశాఖపట్నంలో నీట్ శిక్షణ పొందుతున్న విద్యార్థిని మృతి కేసులో సుప్రీంకోర్టు 2025 జులై 25న 15 మార్గదర్శకాలు జారీ చేసింది. వంద మంది, అంతకు మించి విద్యార్థులున్న సంస్థలో అర్హతగల కౌన్సెలర్‌ను గాని, సైకాలజిస్టును గాని, సామాజిక కార్యకర్తను గాని నియమించుకోవాలి. మార్కులను బట్టి సెక్షన్లు విడదీయడం, నలుగురిలో అవమానించడం తగదు. హాస్టల్లో చేర్పించేటప్పుడు ఫీజు వాయిదాలతోపాటు కౌన్సెలర్ ఎవరో, వారంలో ఎన్ని రోజులు వస్తారో తల్లిదండ్రులు అడిగి తెలుసుకోవాలి.

ఆసుపత్రి దూరమైనవారు టెలీ మానస్ నంబరు 14416కు ఏ వేళనైనా ఉచితంగా ఫోన్ చేయవచ్చు. తెలుగులోనే మాట్లాడతారు. పిల్లలే నేరుగా చేసినా వింటారు.