మరియానో రివేరా

మరియానో రివేరా (జననం: 1969 నవంబర్ 29) పనామాకు చెందిన బేస్‌బాల్ రిలీఫ్ పిచర్. తండ్రి చేపల పడవ నడిపేవాడు; ప్యూర్టో కైమిటో అనే మత్స్యకార గ్రామంలో పెరిగాడు. 1990లో న్యూయార్క్ యాంకీస్‌తో ఒప్పందం కుదుర్చుకుని, 1995లో మేజర్ లీగ్‌లో అడుగుపెట్టి, 2013లో రిటైరయ్యే దాకా అదే జట్టుకు ఆడాడు.

1997లో క్లోజర్ అయ్యాడు. స్వల్ప ఆధిక్యాన్ని ఆఖరి ఇన్నింగ్స్‌లో కాపాడటం క్లోజర్ పని. అలా నిలబెట్టిన గెలుపు సేవ్‌గా లెక్కకొస్తుంది. రివేరా ఖాతాలో 652 సేవ్‌లున్నాయి, అది రికార్డు. అతని ప్రధాన ఆయుధం కట్టర్ ఒక్కటే. నేరుగా వస్తున్నట్టే కనిపించే బంతి చివరి క్షణంలో పక్కకు జరిగి, ఎడమచేతి వాటం బ్యాటర్ల చేతుల మీదికొచ్చేది; పిడి దగ్గర తగిలి ఎన్నో బ్యాట్లు విరిగాయి. కట్టరే వస్తుందని తెలిసీ బ్యాటర్లు కొట్టలేకపోవడంలోనే అతని గొప్పతనమంతా ఉంది.

అయిదు వరల్డ్ సిరీస్‌లు గెలిచాడు. 2001 వరల్డ్ సిరీస్ ఏడో మ్యాచ్‌లో మాత్రం అరిజోనా చేతిలో ఆధిక్యం చేజార్చుకున్నాడు. 2012లో మోకాలికి గాయమై, 42 ఏళ్ల వయసులో ఆట ముగిసిందనుకున్నా, మరుసటి ఏడాది తిరిగొచ్చి 44 సేవ్‌లు సాధించాడు. 2019లో ఓటేసిన 425 మందీ అతన్ని బేస్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌కు ఎన్నుకున్నారు; అంతకు ముందు ఎవరికీ ఏకగ్రీవం దక్కలేదు.