తీరని బాకీ: బేగం ఐజాజ్ రసూల్

రాజ్యాంగ సభలో 15 మంది స్త్రీలుండేవారు. వాళ్లలో ముస్లిం ఒక్కరే: బేగం ఖుద్సియా ఐజాజ్ రసూల్. సరోజినీ నాయుడు, దుర్గాబాయి పేర్లు మనకు తెలుసు. ఈ పేరు ఎందరికి తెలుసు? ముస్లిం స్త్రీ అనగానే బుర్ఖా, తలాఖ్ తప్ప మరేమీ గుర్తురాని వాళ్లకూ, ఆడవాళ్లకు రాజకీయాలెందుకనే మన పెద్దమనుషులకూ ఈమె కథ చెప్పాల్సిందే.

1909లో లాహోర్‌లో పుట్టారు. తండ్రి సర్ జుల్ఫికర్ అలీఖాన్‌ది మలేర్‌కోట్లా నవాబుల వంశం. మెట్టినిల్లు ఔధ్‌లోని సండీలా తాలూక్‌దార్లది. 1937లో యునైటెడ్ ప్రావిన్సెస్ లెజిస్లేటివ్ కౌన్సిల్‌కు, స్త్రీలకు కేటాయించని సీటులో నిలబడ్డారు. పరదా పాటించని స్త్రీకి ఓటేయడం ఇస్లాంకు విరుద్ధమంటూ ఉలేమాలు ఫత్వా ఇచ్చారు. ఓటర్లు ఫత్వాను పక్కనబెట్టి ఆమెను గెలిపించారు. అదే కౌన్సిల్‌కు ఆమె డిప్యూటీ ప్రెసిడెంటయ్యారు. భూస్వాముల ఇంట్లో ఉంటూనే జమీందారీ రద్దును సమర్థించారు.

రాజ్యాంగ సభకు ముస్లిం లీగ్ తరఫున వెళ్లారు. అంతలో దేశం ముక్కలైంది. ఇక్కడే ఉండిపోయిన ముస్లింలు అడుగడుగునా దేశభక్తి రుజువు చేసుకోవాల్సిన రోజులవి. 1948 రాజ్యాంగ ముసాయిదాలో చట్టసభల్లో ముస్లింలకు రిజర్వుడు సీట్లున్నాయి. 1949 మేలో వాటిని తీసేయాలన్న ప్రతిపాదన వచ్చింది. బేగం దాన్ని సమర్థించారు. రిజర్వేషన్ మనల్ని మనమే నాశనం చేసుకునే ఆయుధమనీ, మైనారిటీలను మెజారిటీ నుంచి శాశ్వతంగా విడదీస్తుందనీ ఆమె వాదన. మద్రాసు నుంచి వచ్చిన మహమ్మద్ ఇస్మాయిల్ మాత్రం ముస్లింలకు ప్రత్యేక నియోజకవర్గాలే కావాలన్నారు. ముస్లింలంతా ఒకే గొంతు అనుకునేవాళ్లు ఆ చర్చ ఒకసారి చదవాలి.

తర్వాత ఆమె కాంగ్రెస్‌లో చేరారు. 1952లో రాజ్యసభకు వెళ్లారు. 1969లో ఉత్తరప్రదేశ్ శాసనసభకు గెలిచి మంత్రి అయ్యారు. 2000లో పద్మభూషణ్ వచ్చింది. 2001లో కన్నుమూశారు.

ముస్లింలకు వాటా అడిగినప్పుడల్లా కొందరు ఈమెనే అడ్డుపెడతారు: "మీ బేగమే వద్దన్నదిగా!" ఆమె వద్దన్నది నిజమే. ఏ నమ్మకంతో వద్దన్నారు? మెజారిటీ ఓటరు మతం చూడడని, పార్టీలు మనకు టిక్కెట్లిస్తాయని. ఆ నమ్మకం ఏమైంది? 2024లో 543 మంది లోక్‌సభకు ఎన్నికైతే అందులో ముస్లిం స్త్రీలు ఇద్దరు: కైరానా నుంచి ఇక్రా హసన్, ఉలుబేరియా నుంచి సాజ్దా అహ్మద్. 2023లో చేసిన 106వ రాజ్యాంగ సవరణ చట్టసభల్లో స్త్రీలకు మూడో వంతు సీట్లు ప్రకటించింది. అందులో దళిత, ఆదివాసీ స్త్రీలకు వాటా ఉంది. బీసీ స్త్రీలకు లేదు, ముస్లిం స్త్రీలకు లేదు.

తప్పంతా బయటివాళ్లదేనా? ఖౌమ్ పేరుతో ఓట్లడిగే మన మగ నాయకులు ఎన్ని టిక్కెట్లు మన ఆడవాళ్లకిచ్చారు? బేగంకు నవాబుల ఇల్లుంది, చదువుంది, పలుకుబడి ఉంది. ఇన్ని ఉన్నా ఆమె ఫత్వాను ఎదుర్కోవలసి వచ్చింది. మరి బీడీలు చుట్టి బతికే మన చెల్లెలికి ఏముంది?

1949లో ఆమె వదులుకున్నది తన సొంత సొత్తు కాదు. కోట్లమంది వాటాను మెజారిటీ మీద నమ్మకంతో అప్పుగా ఇచ్చారు. అప్పిచ్చినవాళ్లు బాకీ అడిగితే దాన్ని వేర్పాటువాదమంటే ఎట్లా?