ఒబాట్స్‌డా

ఒబాట్స్‌డా : జర్మనీ దేశపు దక్షిణభాగమున నున్న బవేరియా రాష్ట్రమున, బాగుగా మాగిన మెత్తని చీజును వెన్నతోను, ఉప్పుతోను, పాప్రికా యనెడి కారము తక్కువైన ఎఱ్ఱ మిరపపొడితోను చేర్చి మెదిపి, కొంచెము బీరు పోసి సడలించి, రొట్టెకు పూసికొని తినుటకు సిద్ధపఱచెడి ఉపాహారము. దీనిని ఒక్క పాత్రలో నుంచి, బల్లచుట్టును కూర్చున్నవారందఱు పంచుకొని తినుట అచ్చటి సంప్రదాయము.

చరిత్ర : ఈ పదార్థపు చరిత్ర బవేరియా బీరుతోటల చరిత్రతో పెనవేసికొని యున్నది. వేసవి వేడిమికి బీరు చెడిపోవుచుండుటచేతను, కాగుల క్రింది మంటలవలన ఇండ్లు తగులబడు భయముండుటచేతను, 16వ శతాబ్ది శాసనములు సెప్టెంబరు 29 మొదలు ఏప్రిల్ 23 వఱకు మాత్రమే బీరు కాచుటకు అనుమతించినవి. అందుచే చలికాలపు తుదిని కాచిన బీరును వేసవి యంతయు నిలువచేయుటకై మ్యూనిక్ నగరపు బీరు తయారీదారులు ఈసార్ నది గట్లలో లోతైన నేలమాళిగలు త్రవ్వించి, వాని పైభాగమున గులకరాళ్ళు పఱపించి, వెడల్పాటి ఆకులుగల చెస్ట్‌నట్ చెట్లను నాటించిరి. మాళిగలను చల్లబఱచుటకై పెంచిన ఆ నీడయే జనులను ఆకర్షింపగా, వారచ్చటనే బల్లలపై కూర్చుండి త్రాగసాగిరి; ఇవియే బీరుతోటలు. తమ వ్యాపారము దెబ్బతినుచున్నదని నగరములోని పూటకూళ్ళవారు మొఱపెట్టుకొనిరి. అంతట రాజగు ప్రథమ మాక్సిమిలియన్ యోసెఫ్, 1812 జనవరి 4వ తేదీని, జూన్ మొదలు సెప్టెంబరు వఱకు మాళిగలయొద్ద బీరును విక్రయింపవచ్చుననియు, దానితో రొట్టె తప్ప మరి యే భోజనపదార్థమును పెట్టరాదనియు ఆజ్ఞాపించెను.

ఈ నిషేధమువలన జనులు ఇంటినుండి తమ తిండి తాము తెచ్చుకొనుట ఆచారమయ్యెను. 1850లో వేసవియందు బీరు కాచుటపై నిషేధము తొలగినను ఈ ఆచారము నిలిచియే యున్నది. 1999లో బవేరియా ప్రభుత్వము చేసిన బీరుతోటల నిబంధనయు దీనిని ఆ తోటల లక్షణముగా గుర్తించినది. సులభముగా మోసికొనిపోదగి, పదిమందికి పంచదగిన ఒబాట్స్‌డాకు ఇంతకంటె అనువైన స్థానము లేదు.

అయినను ఆచారమంత ప్రాచీనమైనది కాదు దీని నేటి రూపము. దీనికి వాడెడి కామెంబేర్ చీజు ఫ్రాన్సు దేశపు నార్మండీలో పుట్టినది. మిరప అమెరికా ఖండమునుండి ఐరోపాకు వచ్చినది. మిగుల మాగి, ఘాటెక్కి, విడిగా తినుటకు కష్టమైన చీజును పాఱవేయక వెన్నతో మెదిపి ఉపయోగించుకొన్న గృహిణుల పొదుపే దీనికి మూలము. ఫ్రైజింగ్ పట్టణమునందలి వైహెన్‌స్టెఫన్ బీరుశాలను నడపిన కథరీనా ఐజెన్‌రైఖ్ అను నామె 1920 తరువాతి సంవత్సరములలో దీనిని తన అతిథులకు వడ్డించి ప్రఖ్యాతము గావించినది.

తయారుచేయు విధము : కామెంబేర్‌పై తెల్లని పొరగా పెరుగు పెనిసిలియం బూజు, చీజులోని మాంసకృత్తులను అంచునుండి నడిమికి క్రమముగా విడగొట్టును. నడుమ సుద్దవలె గట్టిగానున్న లేత చీజు మెదుగదు; వ్రేలితో నొక్కిన లోతుగా దిగునదియే పనికివచ్చును. 200 గ్రాముల చీజునకు 50 గ్రాముల మెత్తని వెన్నయు, రెండు మూడు చెంచాల బీరును చాలును. యంత్రముతో రుబ్బిన జిగురగును గనుక, చిన్న చిన్న తునకలు మిగులునట్లు ముల్లుగరిటెతో మెదుపుట మేలు. వెన్న చీజు ఘాటును తగ్గించును. బీరు చిరుచేదు నిచ్చును. సీమజీలకఱ్ఱ సువాసన కూర్చును. తరిగిన ఉల్లి నిలువయున్నచో చేదెక్కును గనుక దానిని వడ్డించునపుడే కలుపవలెను. ప్రెట్సెల్ అను ముడివైచిన రొట్టెయు, ఉప్పు చల్లిన ముల్లంగియు దీనికి తోడు.

రక్షణ, సజాతీయములు : 2015లో ఐరోపా సమాఖ్య దీనికి భౌగోళిక గుర్తింపు నొసంగినది. దాని ప్రకారము కామెంబేర్ లేదా బ్రీ చీజు, వెన్న, పాప్రికా, ఉప్పు తప్పనిసరి; బీరు, ఉల్లి, సీమజీలకఱ్ఱ ఐచ్ఛికములు. ఫ్రాంకోనియాలో ఇట్టిదానినే గెరుప్ఫ్‌టర్ అందురు. ఆస్ట్రియా, స్లొవేకియాలలో ప్రసిద్ధమైన లిప్టావర్ మాగని తాజా చీజుతో చేయబడుటచే రుచియందు దీనికి భిన్నమైనను, ఒక్క పాత్రనుండి పదిమందియు పూసికొని తినుటయందు దీనికి సజాతీయమే.