రూప్ కె. షోరీ: లాహోరు నుంచి బొంబాయికి

వినోదం కోసమే తీసిన సినిమాలను మన అభ్యుదయ విమర్శ సాధారణంగా ఒక్క మాటతో తోసిపుచ్చుతుంది - పలాయనవాదమని. చాలాసార్లు ఆ మాట నిజమే. అయితే ఎవరు, ఎక్కణ్ణుంచి, ఎందుకు పారిపోవలసి వచ్చిందో అడగకుండా తీర్పు చెప్పడం చారిత్రక దృష్టి అనిపించుకోదు. హిందీ, పంజాబీ చిత్రాల దర్శకుడు రూప్ కె. షోరీ జీవితం ఈ ప్రశ్ననే మన ముందుంచుతుంది.

షోరీ లాహోరులో ఎదిగిన దర్శకుడు. 'మజ్నూ' (1935), 'టార్జాన్ కీ బేటీ' (1938) వంటి హిందీ చిత్రాలతో పాటు పంజాబీలో 'దుల్లా భట్టీ' (1940), 'మంగ్తీ' (1942) తీశాడు. దుల్లా భట్టీ అక్బరు పాలనపై తిరగబడి, పంజాబు ప్రజల పాటల్లో నిలిచిపోయిన వీరుడు. అడవి సాహసాన్నీ జానపద వీరగాథనూ ఒకే దర్శకుడు తీయడాన్ని బహుముఖ ప్రజ్ఞ అనవచ్చు. కాని ఆ ప్రజ్ఞకు భౌతికమైన పునాది ఉంది. లాహోరులో స్టూడియోలున్నాయి, రచయితలూ గాయకులూ ఉన్నారు, సొంత భాషలో సినిమా చూసే జనం ఉన్నారు.

1947 అల్లర్లలో షోరీ స్టూడియో తగలబడింది. ఆయన బొంబాయి చేరాడు. బొంబాయి నుంచి లాహోరు వెళ్లిన నూర్‌జహాన్, షౌకత్ హుసేన్ రిజ్వీ దంపతులకు ఆ కాలిన స్టూడియోయే దక్కింది. అక్కడే షానూర్ స్టూడియో వెలిసింది. దేశ విభజన కళాకారులను ఎలా తారుమారు చేసిందో చెప్పడానికి ఇంతకన్న సాక్ష్యం అక్కరలేదు.

షోరీ తీసిన 'చమన్' (1948) విభజన తర్వాత భారతదేశంలో తయారైన తొలి పంజాబీ చిత్రాల్లో ఒకటి. మరుసటి ఏడు మీనా, మోతీలాల్ నటించిన హాస్యచిత్రం 'ఏక్ థీ లడ్కీ' వచ్చింది. వినోద్ సంగీతంలో 'లారా లప్పా' పాట దేశమంతటా మార్మోగింది. ఆ లయ పంజాబుది. పంజాబీ సినిమా తన నగరాన్ని పోగొట్టుకుంది, దాని మార్కెట్టు రెండుగా చీలింది. మిగిలిన లయ మాత్రం హిందీ సినిమాకు సరుకైంది.

మంటో, బేదీ ఆ గాయాన్ని కథలుగా రాశారు. షోరీ దాన్ని కథావస్తువుగా తీసుకోలేదు. ఇది లోపమే. కాని దుండగుల బారినుంచి తప్పించుకుని, ఆఫీసులో ఉద్యోగం చేసుకుని బతకజూసే దిక్కులేని ఆడపిల్ల 1949 నాటి ప్రేక్షకులకు కొత్త మనిషి కాదు. శరణార్థుల మధ్య అలాంటి వాళ్లను వాళ్లు రోజూ చూస్తున్నారు. నవ్వుతూనే ఆమెను గుర్తుపట్టి ఉంటారు.

1956లో షోరీ, ఆయన భార్య మీనా లాహోరు వెళ్లారు. అక్కడ ఆయన తీసిన 'మిస్ 56', గురుదత్ తీసిన 'మిస్టర్ అండ్ మిసెస్ 55'కు అనుకరణ. సొంత ఊరికి తిరిగి వెళ్లిన దర్శకుడు అక్కడ బొంబాయిని అనుకరించవలసి వచ్చింది! ఆ తర్వాత ఆయన ఇటు వచ్చేశాడు. మీనా అక్కడే ఉండిపోయి 1989లో మరణించింది. షోరీ 'అకల్‌మంద్' (1966) వంటి చిత్రాలు తీసినా పూర్వపు ఊపు మళ్లీ రాలేదు.

షోరీ మహాదర్శకుడని నేననడం లేదు. ఆయన సినిమాల్లో చైతన్యం కొరవడిందనే విమర్శ సరైనదే. అయితే ఆ నవ్వు వెనుక కాలిపోయిన స్టూడియో ఉందన్న సంగతి మరిచిన విమర్శ కూడా అసమగ్రమే.