వంటింటి సాక్ష్యం: గ్రనాదాలో మూరుల వాడ

స్పెయిన్ దేశపు దక్షిణాన ఉన్న గ్రనాదా నగరంలో దర్రో అనే చిన్న నదికి అటూ ఇటూ రెండు కొండలున్నాయి. ఒక కొండమీద అల్హంబ్రా రాజప్రాసాదం ఉంది. లోకమంతా గ్రనాదాకు వచ్చేది దాన్ని చూడడానికే. ఎదుటి కొండమీద సున్నం వేసిన తెల్లగోడలతో, ఇద్దరు పక్కపక్కన నడవడానికి ఇబ్బందిపడే సందులతో ఒక పాత వాడ ఉంది. దాని పేరు అల్బైసీన్. రాజులు ఆ కొండమీద ఉంటే, పట్టు నేసేవారు, కుండలు చేసేవారు, చిన్న వర్తకులు ఈ కొండమీద ఉండేవారు. 1984లో అల్హంబ్రాను ప్రపంచ వారసత్వ స్థలంగా గుర్తించిన యునెస్కో, పదేళ్ళ తరువాత 1994లో అల్బైసీన్‌ను కూడా ఆ జాబితాలో చేర్చింది.

ఉత్తర ఆఫ్రికా నుంచి వచ్చిన ముస్లింలనూ, ఐబీరియా గడ్డమీదనే తరతరాలుగా పుట్టి పెరిగిన ముస్లింలనూ కలిపి యూరపువారు ‘మూరులు’ అన్నారు. 711లో మొదలైన వారి పాలన ఆ ద్వీపకల్పంలో చిట్టచివరిగా మిగిలింది గ్రనాదాలోనే. 1492 జనవరి 2న అదీ ముగిసింది.

అల్బైసీన్ సందులలో తిప్పుతూ, దారిలో అక్కడక్కడా ఆగి తినిపించే యాత్రలు ఇప్పుడు అక్కడ చాలా ఉన్నాయి. అటువంటి యాత్ర ఒకదానిలో నేనూ పాల్గొన్నాను. మూడు గంటల నడక, అయిదు మజిలీలు, పదిమందికి మించని బృందం. మా వెంట వచ్చిన మార్గదర్శి ఆ నగరంలోనే పుట్టి పెరిగిన మనిషి, మాటకారి. ఆయన చెప్పినదానిలో తప్పు పట్టవలసినది పెద్దగా లేదు. కానీ తిన్న ప్రతి పదార్థం వెనుకా ఒక చరిత్ర ఉన్నదనీ, ఆ చరిత్రలో చాలా భాగం భోజనాల బల్లల దగ్గర వినిపించలేదనీ తరువాత చదువుకుంటూంటే నాకు అర్థమైంది. ఈ వ్యాసం ఆ వినిపించని భాగం గురించి.

మా మొదటి మజిలీలో పెట్టినవి రొట్టె, ఆలివ్ నూనె. ఆ రొట్టె గ్రనాదాకు పక్కనే ఉన్న అల్ఫకార్ అనే ఊరిది. రొట్టెలకు ఆ ఊరు పెట్టింది పేరు. మూరుల కాలంలో అల్బైసీన్‌కు తాగునీరు కూడా అక్కడినుంచే వచ్చేది. ఆ నీరు తెచ్చే కాలువ పేరు ఐనదమార్. అరబీలో ‘కన్నీటి ఊట’ అని అర్థం. కొండ ఎక్కిన ఆ నీటిని భూమిలోపల ఇటుకలతో కట్టిన తొట్లలో నిలవచేసేవారు. స్పానిష్‌లో వాటిని ‘అల్హీబే’ అంటారు. ఇప్పటికీ ఇరవైకి పైగా తొట్లు ఆ వాడలో కనిపిస్తాయి. మసీదు పక్కన తొట్టి ఉండడం రివాజు, ప్రార్థనకు ముందు కాళ్ళూ చేతులూ కడుక్కోవాలి గనుక. ఆ మసీదులు ఉన్న చోట్ల నేడు చర్చీలున్నాయి. తొట్లు మాత్రం ఉన్నచోటనే ఉన్నాయి. వాడలోని ప్రధాన మసీదు స్థానంలో లేచిన సాన్ సాల్వదోర్ చర్చికి పక్కన ఆ మసీదు ముంగిలి ఈనాటికీ నిలిచి ఉంది.

గ్రనాదా లొంగిపోయినప్పుడు జరిగిన ఒప్పందం 1491 నవంబరునాటిది. ఓడిపోయినవారికి అంత ఉదారంగా హామీలిచ్చిన పత్రాలు ఆ కాలంలో అరుదు. వారి మతం వారిది, మసీదులు వారివి, తగాదాలు తీర్చడానికి వారి న్యాయాధికారులే ఉంటారని అందులో రాసుకున్నారు. క్రైస్తవుల మాంసపు దుకాణాలు వేరుగా, ముస్లింల మాంసపు దుకాణాలు వేరుగా ఉండాలన్నది కూడా అందులో ఒక షరతు. రాజ్యాలు చేతులు మారే పత్రంలో కసాయి దుకాణాల ప్రస్తావన ఎందుకని మనకు ఆశ్చర్యం కలగవచ్చు. రాసుకున్నవారికి మాత్రం దాని అవసరం బాగా తెలుసు. మతం మొదట పరీక్షకు నిలబడేది పొయ్యి దగ్గరనే.

ఆ హామీలు పదేళ్ళు కూడా నిలువలేదు. గ్రనాదాకు మొదటి ఆర్చిబిషప్పుగా వచ్చిన ఎర్నాందో దె తలవేరా నచ్చజెప్పి మతం మార్చాలని నమ్మినవాడు. తన పూజారులను అరబీ నేర్చుకొమ్మన్నాడు. 1499లో వచ్చిన కార్డినల్ సిస్నేరోస్‌కు అంత ఓపిక లేదు. మూకుమ్మడి బాప్తిస్మాలు జరిపించాడు. బీబ్‌రాంబ్లా కూడలిలో అరబీ గ్రంథాలను తగలబెట్టించాడు. వైద్యగ్రంథాలను మాత్రం పక్కకు తీయించాడంటారు. ఆ ఏడాది డిసెంబరులో అల్బైసీన్ తిరగబడింది. తిరుగుబాటు చేసి మీరే ఒప్పందాన్ని రద్దు చేసుకున్నారని పాలకులు వాదించారు. 1502 నాటికి కాస్తీల్ రాజ్యమంతటా ముస్లింలకు రెండే దారులు మిగిలాయి: బాప్తిస్మం, లేదా ప్రవాసం. అలా బాప్తిస్మం పొందినవారికి ‘మోరిస్కోలు’ అని పేరు వచ్చింది.

ఇక్కడినుంచి చరిత్ర వంటింట్లోకి ప్రవేశిస్తుంది. కాగితం మీద అందరూ క్రైస్తవులే. అయితే మనసులో ఎవరేమిటో తెలుసుకోవడమెలా? 1526లో ఇంక్విజిషన్ న్యాయస్థానం గ్రనాదాకు వచ్చింది. పంది మాంసం ముట్టకపోవడం, ద్రాక్షసారా తాగకపోవడం, రంజాను నెలలో పగటివేళ పొయ్యి వెలగకపోవడం, జంతువును తమ పద్ధతిలో కోయడం, ఇవన్నీ ఆ న్యాయస్థానానికి ఆనవాళ్ళు. కూస్‌కూస్ వండుకోవడం, నేలమీద కూర్చుని తినడం కూడా అనుమానానికి తావిచ్చేవి. ఇరుగుపొరుగువారు, ఇంట్లో పనిచేసేవారు సాక్షులు. పొగగొట్టంలోనుంచి పొగ రాలేదని చెప్పడానికి ఎవరికీ మతశాస్త్రం తెలిసి ఉండనక్కరలేదు. మనిషి ఏమి తింటాడో, ఏమి తినడో చూసి అతడి విలువ కట్టడం మన దేశానికీ కొత్తకాదు గనుక, ఇది తెలుగు పాఠకులకు వివరించి చెప్పవలసిన పని లేదనుకుంటాను.

1567 జనవరి మొదటి తేదీన రెండవ ఫిలిప్ రాజాజ్ఞను చాటించారు. అరబీ మాట్లాడకూడదు, రాయకూడదు. పాత దుస్తులు, స్త్రీల ముసుగులు, పెళ్ళిపాటలు, పేర్లు, స్నానశాలలు అన్నీ నిషిద్ధం. శుక్రవారాలలోనూ, పెళ్ళిళ్ళనాడూ ఇంటి తలుపులు తెరిచి ఉంచాలి. లోపల ఏం జరుగుతున్నదో వీధిలో పోయేవారికి కనిపించాలన్నమాట. దీనికి జవాబుగా ఫ్రాన్సిస్కో నూన్యెజ్ మూలే అనే వృద్ధుడు ఒక విన్నపం సమర్పించాడు. మోరిస్కో వంశీకుడైన ఆయన చిన్నతనంలో ఆర్చిబిషప్పు తలవేరా దగ్గర పరిచారకుడుగా ఉన్నవాడు. దుస్తులు, భాష, స్నానం దేశాచారాలే తప్ప మతం కావని ఆయన వాదం. తూర్పుదేశాలలో క్రైస్తవులు అరబీ మాట్లాడుతున్నారు, వారి క్రైస్తవానికి ఏ లోటూ రాలేదని గుర్తుచేశాడు. ఆ వాదానికి సమాధానం చెప్పడం కష్టం. ఎవరూ చెప్పలేదు కూడా. ఆజ్ఞ అమలయింది. దర్రో ఒడ్డున ‘బన్యుయేలో’ అనే స్నానశాల ఒకటి, పైకప్పులో నక్షత్రాల ఆకారపు వెలుతురు రంధ్రాలతో, ఇప్పటికీ నిలిచి ఉంది. యాత్రికులందరూ దాని ఫొటోలు తీసుకుంటారు. అటువంటివి ఒకప్పుడు నగరంలో ఎన్నో ఉండేవన్న సంగతి మాత్రం ఆ రంధ్రాలలోంచి పడే వెలుతురు చెప్పదు.

1568 క్రిస్మస్ వేళ గ్రనాదాకు దక్షిణాన ఉన్న అల్పుహర్రా కొండలలో తిరుగుబాటు రగిలింది. తిరుగుబాటుదారులు రాత్రివేళ అల్బైసీన్‌కు వచ్చి పిలిచినా, వాడ కదలలేదు. అయినా శిక్ష తప్పలేదు. 1569 జూన్‌లో అల్బైసీన్ పురుషులను చర్చీలలో పోగుచేసి నగరం దాటించారు. 1570లో గ్రనాదా రాజ్యమంతటినుంచీ, మొత్తంమీద దాదాపు 80 వేలమందిని, చలికాలపు దారులవెంట కాస్తీల్ ఊళ్ళకు తరలించారు. దారిలో ఎంతోమంది రాలిపోయారు. 1609 - 1614 మధ్య స్పెయిన్‌లో మిగిలిన మోరిస్కోలను, సుమారు మూడు లక్షలమందిని, దేశంనుంచే వెళ్ళగొట్టారు.

అల్బైసీన్‌లో ఎత్తు గోడల వెనుక దానిమ్మ, నిమ్మ, ద్రాక్షపందిళ్ళతో అందమైన తోట ఇళ్ళుంటాయి. వాటిని ‘కార్మెన్’ అంటారు. ద్రాక్షతీగకు అరబీలో వాడే ‘కర్మ్’ అన్న మాటనుంచి వచ్చిన పేరు అది. నడకలో అందరినీ ముగ్ధులను చేసేవి ఇవే. 1570 తరువాత పాడుబడిన ఇళ్ళను రెండు మూడు కలిపి, గోడలు కూల్చి, తోటలు వేసుకోగా వాటిలో చాలా ఏర్పడ్డాయి. ఆ నీడలో ఒకప్పుడు ఇంకొకరి వంటిల్లు ఉండేది.

రెండవ మజిలీలో మాకు వడ్డించినది పెద్దచిక్కుడు గింజలతో వేయించిన పంది మాంసం. ఆ ఎండు మాంసం త్రెవేలెజ్ అనే ఊరిదని చెప్పి, 1862లో రాణి రెండవ ఇసబెల్ దానికి రాజముద్ర ప్రసాదించిన కథ చెప్పారు. ఆ ఊరు ఉన్నది అల్పుహర్రాలోనే. మోరిస్కోలను తరిమివేశాక ఇతర ప్రాంతాల క్రైస్తవులను తెచ్చి అక్కడ స్థిరపరిచారు. పంది మాంసం తిననివారు తిరగబడిన కొండలు ఇప్పుడు పంది మాంసానికే ప్రసిద్ధి. దీనికి త్రెవేలెజ్ ప్రజలను తప్పుపట్టడం అన్యాయం. కొండగాలి మాంసాన్ని ఆరబెట్టడానికి అనువైనది, అంతే. కానీ ఆ వంటకాన్ని ‘మూరుల వాడ రుచి’ అని వడ్డించినప్పుడు, ఈ వాడలో ఆ ముక్క తినడానికి నిరాకరించినవారు ఏమయ్యారో కూడా ఒక్క వాక్యంలో చెప్పడం ధర్మం.

మూడవ మజిలీలో వంకాయ ముక్కలు నూనెలో వేయించి, పైన చెరకుపానకం పోసి ఇచ్చారు. నాకు ఆ పళ్ళెం ఎంతో ఆత్మీయంగా తోచింది. వంకాయకు స్పానిష్ పేరు ‘బెరెన్‌హేనా’. అది అరబీ ‘బాదిన్‌జాన్’ నుంచి, అది పారసీకం నుంచి, అదేమో మన దేశపు మాటనుంచి వచ్చింది. చెరకుకూ అదే దారి. సంస్కృతపు ‘శర్కర’ అరబీలో ‘సుక్కర్’ అయి, స్పెయిన్‌లో ‘అసూకర్’ అయింది. మన ‘చక్కెర’ దానికి తోబుట్టువు. మనం ‘నారింజ’ అన్న పండును వారు ‘నరాంహా’ అంటారు. గ్రనాదా సముద్రతీరాన మూరులు వేసిన చెరకు తోటలు వందల ఏళ్ళు సాగాయి. అక్కడి చివరి చెరకు చక్కెర మిల్లు 2006లో మూతబడింది.

వంకాయ కూడా ఒకప్పుడు ముద్ర వేసిన కూరగాయే. సెర్వాంతెస్ తన నవల ‘దోన్ కిహోతే’కు మూలకర్తగా ఒక అరబ్ చరిత్రకారుణ్ణి కల్పించాడు. ఆ చరిత్రకారుడి పేరు పలకలేక సాంచో దాన్ని ‘బెరెన్‌హేనా’ చేస్తాడు, మూరులకు వంకాయలంటే ఇష్టమని విన్నానంటాడు. ఆ రెండవ భాగం అచ్చయినది 1615లో, అంటే చివరి మోరిస్కోలను పంపివేసిన మరుసటి ఏడు. మనుషులు వెళ్ళిపోయారు, హాస్యం మిగిలింది. వంకాయ మాత్రం అందరి పళ్ళేలలోకీ వచ్చేసింది.

ఆ తరువాతి మజిలీ కల్దెరెరియా వీధిలోని పుదీనా తేనీరు. ‘మూరిష్ తేనీరు’ అని దానికి ప్రచారం. గ్రనాదా సుల్తానులకు తేనీరు తెలియదు. మొరాకోలో అది సామాన్యుల పానీయమైనది 19వ శతాబ్దంలో. ఆ వీధిలోని దుకాణాలు గత కొన్ని దశాబ్దాలలో మొరాకోనుంచి వలస వచ్చినవారు, వారిని చూసి ఇతరులు పెట్టినవి. అయినా దాన్ని బూటకమని కొట్టివేయలేను. వెళ్ళగొట్టబడినవారిలో ఎందరో ఆశ్రయం పొందిన దేశంనుంచే కదా ఆ తేనీరు వచ్చింది! 2003లో సాన్ నికొలాస్ చర్చి పక్కన కొత్త మసీదు కూడా తెరుచుకున్నది. అయిదువందల ఏళ్ళ తరువాత అల్బైసీన్‌లో బాంగు వినిపించింది.

చివరి మజిలీ మఠంలో సన్యాసినులు చేసిన బాదం మిఠాయిలు. గోడలో తిరిగే చెక్కగూటిలో డబ్బు పెడితే, అవతలివైపు కనిపించని చెయ్యి మిఠాయి పెట్టె పెట్టి తిప్పుతుంది. బాదం, తేనె, దాల్చినచెక్క, ఇవి మూరుల వంటలకూ ప్రాణాలే. 13వ శతాబ్దంలో ఇబ్న్ రజీన్ అల్ తుజీబీ అనే పండితుడు తన సొంతవూరు ముర్సియా క్రైస్తవుల వశం కాగా, ట్యునీసియాకు చేరి, తన దేశపు వంటలన్నీ ఒక గ్రంథంగా రాసిపెట్టాడు. తిరిగి చూడలేని ఊరిని వంటకాల రూపంలో దాచుకున్న పుస్తకమది. అల్బైసీన్ మోరిస్కో స్త్రీలకు అటువంటి పుస్తకం రాసుకునే వీలు లేకపోయింది. అరబీలో రాయడమే నేరమైనప్పుడు ఏ భాషలో రాస్తారు? వారి వంటలు కొన్ని మనకు తెలుస్తున్నాయంటే, వారిపై మోపిన అభియోగాలలో నమోదు కావడం వల్లనే.

ఇటువంటి యాత్రలు చేయవద్దని నేను చెప్పను. పుస్తకాలు చెప్పలేని కొన్ని సంగతులు నాలుక చెబుతుంది. గ్రనాదా వెళ్ళినవారు అల్హంబ్రాతో సరిపెట్టుకోక ఎదుటి కొండ కూడా ఎక్కాలి, వంకాయలు తప్పక తినాలి. మార్గదర్శిని ఒక్క ప్రశ్న అడగండి: ఇవి వండినవారు ఎక్కడికి వెళ్ళారు? బాగా చెప్పగలిగిన వ్యక్తి అయితే, మిగతా దారంతా అదే కథ చెబుతారు.