తరవాణి కుండయు, పండు తొక్కయు



గంజిని పులియజేయునట్టియు, పిండిని పొంగించునట్టియు శక్తి యెక్కడిది? శాస్త్రజ్ఞులు దీనికి సమాధానము చెప్పక పూర్వమే మన కృష్ణాతీరపు గృహిణులును, కల్లుగీతవారును ఆ శక్తిని లోబరచుకొనియుండిరి.

1855వ సంవత్సరమున బెజవాడ ఆనకట్ట పూర్తియైన పిమ్మట ఈ సీమయందు వరిసాగు మిక్కిలి విస్తరించెను. అన్నము వార్చిన గంజిని వృథా చేయక, కుండలో పోసి పులియనిచ్చి, తరవాణి యనుచు ప్రొద్దుట చద్దియన్నముతో త్రావుచుండిరి. కుండను పూర్తిగా ఖాళీ చేయు వాడుక లేదు. పాతది కొంత నిలిపి, క్రొత్త గంజి చేర్చెడివారు. ఆ మిగిలినదే మరునాటికి బీజము.

తాటిచెట్టున రాత్రి లొట్టిలోనికి దిగిన తీయని రసము తెల్లవారుసరికి నురుగు కట్టి కల్లగును. లొట్టి లోపల సున్నము పూసినచో రసము పులియదు. దానిని కాచి బెల్లము చేయవచ్చును. పులుపునకు కారణము రసము మాత్రమే కాదనియు, దానిలో చేరునది వేరొకటి కలదనియు ఈ సున్నపుపూతయే చెప్పుచున్నది. గోవాలో పోర్చుగీసువారును, మద్రాసు రాజధానిలో రొట్టెలు కాల్చువారును పూర్వము ఈ కల్లుతోనే పిండిని పొంగించిరి.

పాలు పులియుటకు సూక్ష్మజీవులే కారణమని ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు పాశ్చరు 1857లో తెలిపెను. 1878లో ఆయన ద్రాక్షతీగలపై గాజుగదులు కట్టించి, బయటిగాలి సోకనీయక పండించిన పండ్ల రసము పులియకుండుట చూపెను. ద్రాక్షరసమును పులియజేయు ఈస్టు పండు తొక్కపై చేరునదియే యని దీనివలన తేలెను.

కావున ఇంటనే రొట్టెకు పులుపు సిద్ధము చేసికొనవచ్చును. మందులు చల్లని తాజా ద్రాక్షపండ్లను శుభ్రమైన సీసాలో మూడవవంతు వేసి, కాచి చల్లార్చిన నీటిని పోసి, చిటికెడు బెల్లము కలుపవలెను. వాయువు పోవుటకై మూత వదులుగా నుంచి, దినమునకు రెండుమార్లు కదుపవలెను. మన వేడికి మూడు నాలుగు దినములలో బుడగలు లేచును. బూజు పట్టినను, దుర్గంధము వచ్చినను పారవేయవలెను. ఆ నీటిని వడగట్టి గోధుమపిండిలో కలిపి, ప్రతిదినము కొంత తీసి, క్రొత్త పిండియు నీరును చేర్చుచుండిన అది నిలుచును.

నేడు అంగడిలో ఈస్టు పొడి దొరకుచున్నది. తరవాణి కుండ అరుదైనది. బీజము ఒకమారు ఎండినను మరల పుట్టింపవచ్చును. కాని దానిని కాపాడు నేర్పు పుస్తకములలో కంటె పెద్దల చేతులలో నెక్కువ కలదు. మీ యింటి వృద్ధస్త్రీలను అడిగి, ఆ నేర్పును కోడండ్రకును, మనుమరాండ్రకును అందజేయుడు.