అనర్హత

పూజార్థకమైన ‘అర్హ’ ధాతువునుండి పుట్టిన అర్హ శబ్దమునకు నిషేధార్థకమగు నఞ్ చేరి, అచ్చు పరమగుటచే అది ‘అన్’గా మారగా ‘అనర్హ’ యైనది. దానిపై తల్ ప్రత్యయము నిలిచి అనర్హత సిద్ధించినది. జైనులు తమ పరమపూజ్యుని అర్హంతుడని కొలిచినదియు నీ ధాతువుతోడనే. ఈ ధాతువునకు యోగ్యతయను నర్థమును కలదు; శాసనభాషలో అదియే పదవికి తగుటయను నర్థమున స్థిరపడినది.

నేడు మన పత్రికలలో ఈ మాటకు విడరాని తోడు ‘వేటు’. అనర్హత వేటు పడినదని చదివినవారికి, సర్పంచి పదవియో వార్డు సభ్యత్వమో ఒక్క క్షణమున తెగిపోయినట్లు తోచును. శాసనము నడిపించు తీరు వేరు. పంచాయతీ సభ్యుని అనర్హతను గూర్చి వివాదము పుట్టినచో, రాష్ట్రశాసనము నియమించిన ప్రాధికారమే దానిని నిర్ణయింపవలెనని రాజ్యాంగమందలి 243ఎఫ్ అధికరణము విధించుచున్నది. 1994 నాటి ఆంధ్రప్రదేశ్ పంచాయతీరాజ్ చట్టపు 22వ సెక్షను ప్రకారము ఆరోపణ లిఖితరూపమున రావలెను, అది సభ్యునికి తెలుపబడవలెను. అతడు దానిని కాదన్నచో రెండు నెలలలోపల జిల్లా మునసబు న్యాయస్థానము నాశ్రయింపవచ్చును. అక్కడ నిర్ణయము వెలువడునందాక అతడు అర్హుడైనట్లే తన విధులను నిర్వర్తించును. ఈ కడపటి నియమము నాకు మిక్కిలి గౌరవపాత్రముగా తోచును; ఏలయన, గ్రామజనులు ఓటుతో నొసగిన యోగ్యతను విచారణలేని నింద తుడిచివేయజాలదని అది యొప్పుకొనుచున్నది.

కావున విలేఖరులారా, నిర్ణయము వెలువడనంతవరకు ఆరోపణ యనియే వ్రాయుడు. ‘వేటు’ అను మాటను దూరముంచుడు.